పరుల ముఖమున పలుకు కంఠము



చలనచిత్రమును చూచి ఇంటికి మరలివచ్చినవారు కథానాయకుని ఠీవిని గూర్చియు, నాయిక కన్నులను గూర్చియు, పాటలను గూర్చియు, పోరాటములను గూర్చియు నాలుగు దినములు ముచ్చటించుకొందురు గాని, ఆ నాయకుని నోట తాము వినిన కంఠము అతని స్వంతమా, లేక మూసిన గదిలో మైకు ముందు నిలిచి మాటాడిన మరియొకనిదా అని విచారించువారు మిక్కిలి అరుదు. ఆ మరియొకనిని గూర్చి, పరుల ముఖమున పలుకుటనే వృత్తిగా స్వీకరించి అందులోనే ఆయువులో అధికభాగమును గడపు గాత్రనటుని గూర్చి, ఈ పూట కొంత మనవి చేయదలచితిని. లోకవ్యవహారమున ఇతనిని డబ్బింగు ఆర్టిస్టు అందురు. పేరేదైనను ఇతడు నటుడే. అది కూడ సంపూర్ణమైన అర్థములో నటుడే అని నిరూపించుటయే ఈ ప్రసంగమునకు ఉద్దేశము.

నేను కమ్మర్‌పల్లి వాడను. నిజామాబాదు జిల్లాలో మాది పసుపు నేల. చలికాలము వెనుకబట్టి ఎండ ముదురుచుండగా పసుపు తవ్వి, ఉడికించి, కల్లములలో ఎండబోసి, దొంగలకును అకాలవర్షమునకును వెరచి రాత్రులు కావలియుండు రైతులకు రేడియో చిరకాలముగా తోడుగా నున్నది. ముఖము కానరాని చోట కంఠమును బట్టియే మనిషిని పోల్చుకొనుట, ఆ మనిషి సంతోషమును, జంకును, కోపమును, బొంకును గ్రహించుట మావారికి సహజముగా అబ్బిన విద్య. అందుచేత కంఠమును గూర్చి చెప్పదగిన మాటను కంఠమును వినుటకు అలవాటుపడిన మీబోటి శ్రోతల యెదుట చెప్పుట నాకు ఉచితముగా తోచినది.

తెర వెనుక నుండి మాటాడుట మన దేశమునకు సినిమాతో వచ్చిన వింత కాదు. తోలుబొమ్మలాట మనకు అతి ప్రాచీనము. పదమూడవ శతాబ్దమునాటి పాల్కురికి సోమనాథుని పండితారాధ్య చరిత్రలో బొమ్మలాటల ప్రసక్తి కలదు. దీపపు వెలుగులో తెరపై ఆడునవి తోలుబొమ్మలు. వానికి ప్రాణము పోయునవి తెరవెనుక నున్న కంఠములు. అచ్చట ఒక్కడే రాముడై శాంతముగా పలికి, మరుక్షణమున రావణుడై గర్జించి, అంతలో జుట్టుపోలిగాడై బంగారక్కతో పేచీకి దిగి, గ్రామమునంతయు తెల్లవారువరకు కూర్చుండబెట్టగలడు. బొమ్మ చేయి ఎత్తిన క్షణముననే మాట లేవవలెను. బొమ్మ తల వంచినప్పుడు మాట తగ్గవలెను. మా జిల్లాలోని చిందు భాగవతులకు తెర లేకపోయినను, చిందుల ఎల్లమ్మ వంటి మహాకళాకారిణి యొక్క కంఠము మైకు ఎరుగని దినములలోనే జనసమూహపు చివరివరుస వరకు నడచిపోయెడిది. మద్రాసు స్టూడియోలలో పుట్టినదని మనము తలచు గాత్రనటనకు వంశమూలము ఇట్టి పల్లెలలో ఉన్నదని నా విశ్వాసము.

తెలుగున మొదటి టాకీ, హెచ్. ఎం. రెడ్డిగారి భక్త ప్రహ్లాద, 1932లో వెలువడెను. ఆ కాలమున నటునికి రూపము, గానము, వాచికము మూడును ఒక్క దేహమునందే ఉండవలసియుండెను. అందుచేతనే నాటకరంగమున పద్యములు చదివి రాటుదేలినవారికి అందు పెద్దపీట దొరికెను. తరువాత నేపథ్యగానము వచ్చి పాటను నటుని గొంతునుండి వేరుచేసెను. కొంతకాలమునకు మాట కూడ వేరయ్యెను. 1950లో నీరా ఔర్ నందా అను హిందీ చిత్రమునకు మాటలు మార్చి ఆహుతి అను పేర తెలుగున విడుదల చేసిరి. దీనిని తెలుగున మొదటి డబ్బింగు చిత్రముగా చెప్పుకొందురు. దానికి మాటలు, పాటలు కూర్చినవాడు శ్రీశ్రీ. మహాప్రస్థానకవి పరభాషానటుల పెదవుల కదలికను కనిపెట్టుచు తెలుగుమాటలను ఎంచుకొనుచు కూర్చుండెనన్న విషయమే ఈ పని ఎంత కఠినమైనదో తెలుపును. ఆయన తరువాత ఆరుద్ర, అనిసెట్టి, రాజశ్రీ మొదలగువారు ఆ విద్యను పెంపొందించిరి.

ఆ కాఠిన్యము ఎట్టిదో కొంచెము దగ్గరగా పరిశీలింతము. ప, ఫ, బ, భ, మ అను ఓష్ఠ్యములను పలుకునప్పుడు పెదవులు రెండును కలియక తప్పదు. తెరపై నటుని పెదవులు కలిసినచోట మన మాటలోను ఓష్ఠ్యము పడవలెను. అతని నోరు తెరచియున్నచోట మన మాటలో ఓష్ఠ్యము పడరాదు. ఇది పాటింపబడనిచో చూచువానికి కారణము తెలియకయే చిరాకు కలుగును. తెలుగు అజంతభాష, మన మాటలు చాలవరకు అచ్చుతో ముగియును. తమిళమున 'వేండాం' అను మాట పెదవుల మూతతో ముగియును. మన 'వద్దు' తెరచిన పెదవులతో ముగియును. అప్పుడు రచయిత వాక్యమునే తిరుగవేసి, చివర 'నేస్తం' అనియో 'పాపం' అనియో సున్నతో ముగియు మాటను చేర్చును. అదియు కుదరనిచో గాత్రనటుడు మాట చివర వినబడియు వినబడని చిన్న హుంకారమును విడిచి ఆ మూతను పూరించును. ఇట్టి కిటుకులు ఒక్కొక్క చిత్రమున వందలకొలదిగా వచ్చును. అవి సరిగా కుదిరినప్పుడు ఎవ్వరును గమనింపరు; కుదరనప్పుడు అందరును గమనింతురు. పని బాగుగా జరిగినకొలదియు పనివాడు మరుగుపడుట ఈ వృత్తికి గల విచిత్రధర్మము.

డబ్బింగు థియేటరు నాలుగు వైపులను ధ్వనిని పీల్చుకొను గోడలతో మూయబడిన గది. ఎదుట తెర, ముఖమునకు జేనెడు దూరమున మైకు, చెవులకు హెడ్‌ఫోను, చిన్న దీపము క్రింద మాటల కాగితము. కాగితము తిప్పిన సవ్వడి వినబడరాదు. స్త్రీలు గాజులు తీసిపెట్టుదురు. గరగరలాడు బట్టలు కట్టరు. ఖాళీకడుపున వచ్చినచో ఆకలి చేయు చప్పుడును మైకు పట్టివేయును. నిండుకడుపున వచ్చినచో ఊపిరి అందదు. పూర్వము ఒక సన్నివేశమునకు సంబంధించిన ఫిలిము ముక్క రెండు కొనలను అతికి వలయముగా చేసి, అది తెరపై పదేపదే తిరుగుచుండగా, ఆ సన్నివేశమునందలి పాత్రలకు పలుకువారు ఒక్కచోట గుమికూడి ఒక్క టేకులో మాటలు పూర్తిచేయవలసియుండెను. దీనినే లూపు అనిరి. నలుగురిలో ఒకడు తడబడినచో నలుగురును మొదటికి రావలెను. కావున ఏ చిన్న వేషమునకు పలుకువాడైనను పెద్దల యెదుట తప్పు పలుకుదునేమో అని గడగడలాడుచు, దానివలననే పని నేర్చుకొనెడివాడు. ఇప్పుడు కంప్యూటరు వచ్చినది. ఎవరి మాటలు వారు ఒంటరిగా, వాక్యము వెంట వాక్యముగా చెప్పి పోవచ్చును. సౌకర్యము పెరిగినది. కాని ఎదుటివాని శ్వాస విని తన శ్వాసను సరిపుచ్చుకొను భాగ్యము తగ్గినది.

మాటలు మాత్రమే ఇతని పని అనుకొనరాదు. పరుగెత్తినవాని ఎగశ్వాస, దెబ్బ తగిలినవాని మూలుగు, ఏడ్పు అణచుకొనువాని గుటక, నిదురలో తల్లి చేయు చిన్న ధ్వని, ప్రాణము విడుచువాని కడపటి ఊపిరి, ఇవన్నియు ఇతడు నిలువుకాళ్లపై నిలిచి, కదలక మెదలక, మైకునకు దూరము తప్పక కల్పింపవలెను. తెరపై నటునికి దేహమంతయు ఉన్నది, ఎదుట తోటినటుడున్నాడు, వర్షమున్నది, వేషమున్నది. ఇతనికి ఉన్నది కంఠమొక్కటియే. అదియు మరియొకడు ఎప్పుడో తీసికొనిన శ్వాసకు కట్టుబడినది. స్వతంత్రనటునికి లేని సంకెల ఇతనికి అదనముగా ఉన్నది. ఆ సంకెలతోనే నాట్యమాడవలెను గనుక ఇతనిని నటులలో ఒక మెట్టు పైన నిలుపవచ్చునే గాని క్రింద నిలుపుట అన్యాయము.

మా ప్రాంతమున పచ్చిపసుపును తవ్విన వెంటనే ఎండబోయరు. కడాయిలలోనో, ఈనాటి బాయిలర్లలోనో చక్కగా ఉడికించిన తరువాతనే కొమ్ము లోపలి రంగు అంచు నుండి నడిమికి సమముగా పాకును. ఉడకని కొమ్ము ఎండినను విరిచిచూచినప్పుడు లోపల వెలవెలబోవును. గాత్రనటుని రిహార్సలు అట్టిది. కాగితముపై మాటను చూచినంతనే చదివివేయువాడు పెదవులతో కుదుర్చగలడేమో గాని, పాత్ర మనస్సులో ఆ మాట ఉడుకువరకు ఓపిక పట్టినవాని వాక్యమునకే మొదటి అక్షరము నుండి చివరి అక్షరము వరకు ఒకే భావము పట్టును.

ఇప్పుడు కొందరి జీవితములను స్మరింతము. కొంగర జగ్గయ్యగారు ఢిల్లీ ఆకాశవాణిలో తెలుగు వార్తలు చదివినవారు. ఆయన కంఠమును జనులు కంచుకంఠమనిరి. తెరపై నాయకుడుగా, ప్రతినాయకుడుగా, వృద్ధుడుగా నటించిన ఆ మహానుభావుడే శివాజీ గణేశన్ తమిళచిత్రములు తెలుగున వచ్చినప్పుడు ఆయనకు గాత్రదానము చేసెను. శివాజీ వాక్యము కొండవాగు వంటి వేగము గలది. తమిళనాటకపు ఒరవడి గలది. దానిని తెలుగువాని చెవికి కృత్రిమము కాకుండ, శివాజీ గాంభీర్యము తగ్గకుండ పలుకుటకు జగ్గయ్యగారికి వార్తలు చదువుటలో అబ్బిన స్పష్టతయు, సాహిత్యమున గల అభినివేశమును తోడ్పడెనని చెప్పవచ్చును. రవీంద్రుని గీతాంజలిని తెనిగించిన మనిషికి మాట బరువు తెలియకుండునా?

గాత్రనటనను కులవిద్యగా నిలబెట్టిన కుటుంబము పూడిపెద్ది వారిది. విజయనగర ప్రాంతమునుండి మద్రాసునకు తరలిపోయిన పూడిపెద్ది జోగేశ్వరశర్మగారు, సినీలోకమున పి. జె. శర్మగా ప్రసిద్ధులు, తెరపై తండ్రి, న్యాయాధిపతి, అధికారి మొదలగు గంభీరమైన వేషములు ధరించుచునే, తెరవెనుక ఎందరికో గాత్రము నిచ్చిరి. ఆయన సతీమణి కృష్ణజ్యోతిగారు కన్నడచిత్రములలో నటించినవారు. ఇంటిలో రెండు భాషలు, వీధిలో తమిళము, తండ్రి నోట పద్యము. అట్టి ఇంట పెరిగిన సాయికుమార్ బాల్యముననే మయసభలో దుర్యోధనుడై రంగమెక్కెను. దుర్యోధనుని ఏకపాత్ర తెలుగుదేశమున వాచికమునకు పరీక్షాస్థలమని మీరెరుగుదురు. దీర్ఘసమాసము నడుమ శ్వాస తెగరాదు, అహంకారము తగ్గరాదు. ఆ శిక్షణయే ఆయన జీవితమునకు పెట్టుబడి అయ్యెను.

యుక్తవయస్సు వచ్చిన సాయికుమార్‌ను తెర ఒకపట్టున నాయకునిగా పిలువలేదు. ఆయన కంఠమును మాత్రము పిలిచెను. సుమన్, రాజశేఖర్ అను ఇద్దరు కథానాయకులకు తెలుగు మాతృభాష కాదు. ఇద్దరి రూపమును, శౌర్యమును ప్రజలు మెచ్చిరి. ఇద్దరికిని కంఠమైనవాడు సాయికుమార్. 1989లో వచ్చిన అంకుశములో నిజాయితీపరుడైన పోలీసు అధికారిగా రాజశేఖర్ చూపులో నిప్పు కురియుచుండగా, ఆ నిప్పునకు శబ్దమిచ్చినది సాయికుమార్ గళము. సుమన్‌కు పలికినప్పుడు అదే గళము మెత్తబడి, కొంచెము నిదానించి నడచును. ఒకే ఊరిలో, ఒకే వారమున ఇద్దరు నాయకుల చిత్రములు రెండు హాళ్లలో ఆడినను ప్రేక్షకుడు ఇద్దరిని ఇద్దరుగానే స్వీకరించెననిన, ఆ గొంతు వెనుక ఎంతటి వివేకము పనిచేసినదో ఊహింపవచ్చును. 1995నాటి రజనీకాంత్ బాషా తెలుగున వచ్చినప్పుడు ఆ చిత్రమునకును ఆయనయే పలికిరి. ఆటోడ్రైవరుగా అణగిమణగిన మాటకును, బాషాగా లేచిన మాటకును నడుమ గల దూరమును ఒక్క కంఠము నడచివచ్చుటను విని ఆనందింపని తెలుగువాడు లేడు.

ముఖమునకు గుర్తింపు రావలసిన దినమును వచ్చెను. అయితే అది కన్నడదేశము నుండి వచ్చెను. 1996లో పోలీస్ స్టోరీ అను కన్నడచిత్రమున సాయికుమార్ నాయకుడై తన ముఖముతో, తన కంఠముతో, తల్లి నేర్పిన భాషలో పలుకగా కన్నడజనము ఆయనను తలపై పెట్టుకొనిరి. ఆ చిత్రము తెలుగున వచ్చి ఇచ్చటి వారిని కూడ మెప్పించెను. 2010లో వచ్చిన ప్రస్థానములో లోకనాథనాయుడను పాత్రను ధరించి, అధికారదాహమునకును పుత్రస్నేహమునకును మధ్య నలిగిన వృద్ధుని ఆయన చూపిన తీరు విమర్శకుల మన్నన పొందెను. ఇన్ని సంవత్సరములు పరుల ముఖములకు తగినట్లు కంఠమును మలచుకొనినవాడు, తన ముఖమునకు తన కంఠమే దొరికినప్పుడు ఎంతటి నటుడు కాగలడో ఆ పాత్ర నిరూపించినది. ఆయన సోదరుడు రవిశంకర్ 2009లో అరుంధతి చిత్రమున పశుపతి పాత్ర ధరించిన సోనూ సూద్‌కు గాత్రమిచ్చిరి. 'బొమ్మాళి' అను ఆ కర్కశమైన పిలుపు పిల్లల ఆటలలోనికి, పెద్దల పరిహాసములలోనికి ప్రవేశించినంతగా, పలికిన ఆయనకు ఆ మాటయే ఇంటిపేరువలె అంటుకొనెను. జోగేశ్వరశర్మగారు 2014లో దివంగతులైరి. ఆయన నాటిన విద్య కుమారులయందు వర్ధిల్లుచుండగా కన్నుమూసిరి.

గానమునకు గంధర్వుడని మనము కొలిచిన ఎస్. పి. బాలసుబ్రహ్మణ్యముగారు గాత్రనటులలోను అగ్రగణ్యులు. కమల్ హాసన్‌కు తెలుగున చిరకాలము ఆయనయే కంఠము. రిచర్డ్ అటెన్‌బరో గాంధీ చిత్రము తెలుగులోనికి వచ్చినప్పుడు బెన్ కింగ్‌స్లీకి పలికినవారు ఆయనయే. 2008నాటి దశావతారములో కమల్ ధరించిన పది పాత్రలలో ఏడింటికి ఆయన గాత్రమిచ్చిరి. ఏడు వయస్సులు, ఏడు స్వభావములు, ఒకే కంఠము. ఇంతకంటెను నన్ను ఆలోచింపజేసిన విషయము మరియొకటి కలదు. సాయికుమార్ గళముతో చిరపరిచితుడైన సుమన్ 1997లో అన్నమయ్య చిత్రమున శ్రీవేంకటేశ్వరుడైనప్పుడు, ఆ దేవునికి కావలసినది ఆగ్రహము కాదు, అనుగ్రహము. కావున అచ్చట బాలసుబ్రహ్మణ్యముగారు పలికిరి, దానికి నంది బహుమానమును పొందిరి. ముఖము అదియే, గళము మారెను, గళముతో పాటు మనిషి దేవుడయ్యెను. కంఠము ముఖమునకు అతికిన తోక కాదనియు, పాత్రస్వభావమును నిర్ణయించు మూలద్రవ్యమనియు చెప్పుటకు ఇంతకంటె నిదర్శనము వేరే వలదు.

స్త్రీల సేవ మరింత విస్తృతమైనది. ఏలయన, మన చిత్రములకు నాయికలు చాలకాలముగా ఇతరప్రాంతముల నుండియే వచ్చుచున్నారు. మరోచరిత్ర నాయికగా 1978లో వెలుగులోనికి వచ్చిన సరితగారు తరువాత విజయశాంతి, సౌందర్య మొదలగువారికి పలికి, వారి ధైర్యమునకు, వారి కన్నీటికి ధ్వనినిచ్చిరి. 1967నాటి భక్త ప్రహ్లాదలో ప్రహ్లాదుడై బాలనటిగా పేరొందిన రోజారమణిగారు పెద్దయైన పిమ్మట ఎందరో నాయికలకు గాత్రమైరి. బొమ్మరిల్లు చిత్రమున జెనీలియా హాసినియై గలగలలాడినప్పుడు, ఆ అమాయకపు వేగమును, ఆ వేగము నడుమ హఠాత్తుగా పడు మౌనమును మనకు వినిపించినది సవితారెడ్డిగారు. బాపుగారి శ్రీరామరాజ్యములో సీతయైన నయనతారకు గాయని సునీతగారు పలికిరి. ఏ మాయ చేసావే చిత్రము మొదలుకొని సమంతకు చిన్మయిగారి గళము తోడయ్యెను. నటీమణులకు వయస్సు మీరినదని తెర పక్కకు నెట్టు లోకమున, కంఠమునకు వయస్సు త్వరగా రాదు గనుక, ఈ వృత్తి ఎందరో స్త్రీలకు గౌరవప్రదమైన జీవికయైనది. ఇది సామాన్యమైన మేలు కాదు.

అయితే ఈ జీవిక కష్టార్జితము. క్రొత్తగా వచ్చినవాడు గుంపు సన్నివేశములలో పదిమందితో కలిసి అరచుటతో ఆరంభించును. తరువాత ఒక సేవకునికి ఒక వాక్యము, ఒక పోలీసువానికి రెండు వాక్యములు. ఇట్లు సంవత్సరములు గడచును. పిలుపు ఎప్పుడు వచ్చునో తెలియదు. విడుదల తేదీ దగ్గరపడినప్పుడు రాత్రియనక పగలనక పలుకవలెను. జలుబు ఇతరులకు స్వల్పవ్యాధి, ఇతనికి నష్టము. గట్టిగా అరవవలసిన సన్నివేశములను దినాంతమునకు నిలుపుకొని, మెత్తని మాటలను ముందుగా ముగించుట, గోరువెచ్చని నీరు దగ్గర నుంచుకొనుట, ఇంటిలో అకారణముగా గొంతెత్తకుండుట, ఇవి ఈ వృత్తివారి నిత్యనియమములు. సంగీతవిద్వాంసుడు శ్రుతిని కాపాడుకొనునట్టి శ్రద్ధతో వీరు మామూలు మాటను కాపాడుకొనుచుందురు.

ఇక మా ప్రాంతమునకు సన్నిహితమైన విషయము. చాలకాలము సినిమాలో తెలంగాణ పలుకుబడి నవ్వించు సేవకునికో, భయపెట్టు రౌడీకో దక్కినది గాని, ప్రేమించు నాయికకు, గౌరవింపదగిన తండ్రికి దక్కలేదు. ఈ లోపము గాత్రనటులది కాదు. వారికి ఇచ్చిన కాగితములది. ఈ లోపమును తీర్చుచు, మా నిజామాబాదు జిల్లాకు చెందిన నిర్మాత దిల్ రాజు నిర్మింపగా శేఖర్ కమ్ముల దర్శకత్వమున 2017లో ఫిదా వచ్చెను. పూర్వము మా జిల్లాలోనే ఉండిన బాన్సువాడ అందలి కథాస్థలము. నీలగిరులలో పుట్టిన సాయిపల్లవి, తెలుగు తన మాతృభాష కాకపోయినను, మన యాసను నేర్చుకొని భానుమతి పాత్రకు తన గొంతుతోనే పలికెను. మా ఇండ్లలోని ఆడపిల్లలు మాటాడుకొను తీరున తెరపై నాయిక మాటాడగా, హాలులో కూర్చున్న మావారి ముఖములు విప్పారుటను నేను చూచితిని. 2023నాటి బలగము చిత్రము ఆ త్రోవను మరింత విశాలము చేసెను. దీనివలన తెలియవలసినది ఏమనగా, ప్రతి కంఠమునకు ఒక నేల కలదు. ఆ నేలను తొలగించి కంఠమును మాత్రము పుచ్చుకొనినచో సగము నటనయే మిగులును.

కావున కమ్మర్‌పల్లి, మోర్తాడు, భీంగల్, ఆర్మూరు ప్రాంతముల యువతీయువకులారా, మీ యాసను చూచి సిగ్గుపడకుడు. ఈనాడు గాత్రనటునికి సినిమా ఒక్కటియే ఆధారము కాదు. పిల్లల బొమ్మల చిత్రములు, ప్రకటనలు, వినుపుస్తకములు, దేశదేశముల నుండి తెలుగులోనికి వచ్చు ధారావాహికలు, వ్యవసాయ విజ్ఞానమును రైతులకు అందజేయు చిత్రములు, అన్నియు కంఠములను కోరుచున్నవి. ప్రతిదినము అరగంట బిగ్గరగా చదువుడు. శ, ష, స అను మూడింటిని వేరువేరుగా పలుకుడు. వాక్యము మధ్యలో శ్వాస ఎక్కడ తీసికొనవలెనో పెన్సిలుతో గురుతు పెట్టుకొనుడు. ఊరిలోని ముదుసలులు కథ చెప్పుచున్నప్పుడు కథను మాత్రమే వినక, వారు ఎక్కడ ఆగుదురో, ఎక్కడ గొంతు తగ్గింతురో గమనింపుడు. హైదరాబాదు ఆకాశవాణి నాటికలలో శారదా శ్రీనివాసన్ గారి వంటివారు ముఖము చూపకయే తరములను ఏడిపించి నవ్వించిరి. ఆ నాటికలు దొరికినచోట వదలక వినుడు. ప్రమాణభాష నేర్చుకొనుడు, ఇంటిభాషను విడువకుడు. రెండును గలవానికి ఏ పాత్రయైనను కొరవడదు.

ముగింపునకు ముందు ఒక హెచ్చరిక. నేడు యంత్రము మానవకంఠమును అనుకరించుట నేర్చినది. కొన్ని నిమిషముల ధ్వనిని ఇచ్చినచో, ఆ మనిషి ఎన్నడును పలుకని మాటలను అతని గొంతుతో పలికించును. 2023లో ఢిల్లీ హైకోర్టు నటుడు అనిల్ కపూర్ కంఠమును, రూపమును అనుమతి లేక వాడరాదని ఆజ్ఞాపించెను. 2024లో బొంబాయి హైకోర్టు గాయకుడు అరిజిత్ సింగ్‌కు అట్టి రక్షణయే కల్పించెను. దివంగతులైన ఇద్దరు గాయకుల కంఠములను ఎ. ఆర్. రహ్మాన్ 2024లో ఒక పాటకు వాడదలచి, ముందుగా వారి కుటుంబముల అనుమతిని పొంది తగిన పారితోషికమును ఇచ్చిరి. ఇది మర్యాదగల మార్గము. ప్రసిద్ధులు న్యాయస్థానమునకు పోగలరు. ఒక్కొక్క వాక్యమునకు కూలి పుచ్చుకొను సామాన్య గాత్రనటుడు ఎచ్చటికి పోగలడు? అతడు ఒకనాడు చెప్పిన మాటలతోనే యంత్రమునకు శిక్షణ నిచ్చి, మరునాడు అతనిని పిలువకుండుట అన్నమును అపహరించుటయే యగును. అతనితో చేసికొను ఒప్పందములో ఈ కంఠము ఈ చిత్రమునకు మాత్రమే అని స్పష్టముగా వ్రాయవలెను. వేరొక వాడుకకు వేరుగా అడుగవలెను, వేరుగా చెల్లింపవలెను.

ఇంతవరకు వివరించినదానికి ఫలితార్థము ఇది. గాత్రనటుని వినయము అతని కళకు ధర్మము. అంతమాత్రమున అతని పేరును మరుగుపరచుట మనకు ధర్మము కాజాలదు. మాటలకర్త పేరు, పాటగాని పేరు, కెమెరా నడపినవాని పేరు తెరపై పడుచున్నవి; పాత్రకు ముఖమిచ్చినవాని పేరు పక్కనే కంఠమిచ్చినవాని పేరును అంతే పెద్ద అక్షరములలో వేయుట నిర్మాతలకు భారము కాదు. పత్రికలవారు సమీక్ష వ్రాయునప్పుడు ఆ పేరును ఒక్క వాక్యమున ప్రస్తావింపవచ్చును. పిల్లలకు నటుల పేర్లు చెప్పు తల్లిదండ్రులు గళముల పేర్లును చెప్పవచ్చును. జగ్గయ్య, జోగేశ్వరశర్మ, సాయికుమార్, రవిశంకర్, బాలసుబ్రహ్మణ్యము, సరిత, రోజారమణి, సవితారెడ్డి, సునీత, చిన్మయి. ఈ పేర్లు తెలుగు నటుల చరిత్రలో అధ్యాయములుగా ఉండదగినవి, అనుబంధములుగా కాదు. నటుల చరిత్రను వ్రాయబూనిన విద్వాంసులు ఈ అధ్యాయములను వ్రాయుదురు గాక అని కోరుచున్నాను.